మహేశ్ ఎవరి ఎద్దు?

మా అబ్బా ఎద్దులకు నాడాలు కొట్టేవాడు. దేవరకొండ చుట్టుపక్కల ఊళ్లల్లో నాల్‌బంద్ సాయిబు అంటే ఆయనే. ఎద్దును పడేసి, కాళ్లు కలిపి తాడుతో కట్టి, గిట్టకు నాడా పెట్టి మొలలు దిగ్గొడుతుంటే నేను దాని తల పట్టుకొని కూచునేవాణ్ని. రాముడు, మల్లన్న, బసవన్న... ఏ ఎద్దు పేరు దానికుండేది. 'ఊకో బసవన్నా, అయిపాయె' అంటూ అబ్బా దాని గంగడోలు నిమిరేవాడు. బిస్మిల్లా అని పని మొదలుపెట్టి బసవన్న పేరుతో ముగించేవాడు. ఇందులో వింత ఉందని మా ఇద్దరికీ ఎన్నడూ తోచలేదు.

వింత ఉందని నాకు చెప్పింది పుస్తకాలే.

తెలుగు పాఠకుడికి బెంగాలీ నవల పరాయిది కాదు. చక్రపాణి, బొందలపాటి శివరామకృష్ణ లాంటి వాళ్ల అనువాదాలతో శరత్ మన ఇళ్లల్లోకి వచ్చాడు. 1953లో 'దేవదాసు' సినిమా వచ్చాక చదువురాని వాళ్లకూ దగ్గరయ్యాడు. శరత్‌ను తెలుగువాడే అనుకున్నవాళ్లూ ఉన్నారు. 'మన శరత్' అనటం మన విమర్శకులకు అలవాటు. నేనూ అన్నాను, 'శ్రీకాంత్' ఇంగ్లీషులో చదివేదాకా.

ఆ నవల మొదటి భాగం పుస్తకంగా వచ్చింది 1917లో. 1922లోనే ఆక్స్‌ఫర్డ్ వాళ్లు దాన్ని ఇంగ్లీషులో వేశారు. కథ మొదట్లోనే బడి మైదానంలో ఒక ఫుట్‌బాల్ ఆట ఉంది. ఆడుతున్న రెండు జట్లూ ఎవరివి? ఒకటి బెంగాలీ పిల్లలది, రెండోది ముస్లిం పిల్లలది. ఆట కొట్లాటవుతుంది. దెబ్బలు తింటున్న శ్రీకాంత్‌ను ఇంద్రనాథ్ వచ్చి కాపాడతాడు. అందరికీ ఇంద్రనాథ్ గుర్తుంటాడు. నేను మాత్రం జట్ల పేర్ల దగ్గరే ఆగిపోయాను. ముస్లిం పిల్లలు బెంగాలీలు కాకుండా ఎట్లా పోయారు?

న్యాయంగా ఒక మాట చెప్పాలె. ఆ కథ జరిగింది బీహారులో, భాగల్పూర్ వైపు. అక్కడ బెంగాలీలంటే బయటినుంచి వచ్చి స్థిరపడ్డవాళ్లు. ఆ ముస్లిం పిల్లల ఇంటిభాష బెంగాలీ కాకపోవచ్చు. అయినా శరత్ వాళ్లను బీహారీలనలేదు. ఒక జట్టుకు భాష పేరు పెట్టి, రెండో జట్టుకు మతం పేరు పెట్టాడు.

కోపమొచ్చింది. ఆ వెంటనే సిగ్గేసింది. మా ఊళ్లల్లో ఇప్పటికీ ఏమడుగుతరు? 'ఆ ఇల్లు తెలుగోళ్లదా, తురకోళ్లదా?' అని. అడిగేది హిందువులే కాదు, మేమూ అట్లాగే అంటం. అంగట్లో, పొలంలో, కచేరీలో, కల్లు దుకాణం దగ్గరి కొట్లాటలో మా నోట్లో తెలుగే ఉంటది. అయినా మేం తెలుగోళ్లం కాదు. శరత్ ఫుట్‌బాల్ మైదానం నల్లగొండలోనూ ఉంది, పాలమూరులోనూ ఉంది.

మరి తెలుగులో చదివినప్పుడు అక్కడ ఎందుకు ఆగలేదు? నా సొంత భాష అలవాటు నన్ను మోసుకుపోయింది. ఇంగ్లీషు అట్లా మోయదు. డిక్షనరీ పక్కన పెట్టుకొని ఒక్కో మాటా తడుముకుంటూ నడవాలె. అట్లా నడిచేవాడి కాలికే రాయి తగులుతది.

ఇంకో సంగతీ ఉంది. బడిలో నన్నయ పద్యం తప్పుల్లేకుండా ఒప్పజెప్పిన రోజు మా పంతులుగారు నన్ను మెచ్చుకున్నారు. 'సాయిబుల పిలగానికి ఇంత మంచి తెలుగా!' అన్నారు. ప్రేమతో అన్నమాటే. కానీ ఆ రోజు పద్యం చదివిన మిగతా పిల్లల్లో ఎవరికీ ఆ మెప్పు దొరకలేదు. ఇంగ్లీషు చదివితే నన్నెవరూ అట్లా మెచ్చుకోలేదు. అది అందరికీ సమానంగా పరాయిది. అందుకే నాలాంటివాళ్లు చాలామంది బెంగాలీ నవలలకూ, భారత రామాయణాలకూ ఇంగ్లీషు దొడ్డిదారిన పోయారు. ఆ దారిలో 'నువ్వెవరు?' అని అడిగేవాడు లేడు.

ఆ దారిలోనే 'మహేశ్' దొరికింది. శరత్ 1920ల తొలి ఏళ్లలో రాసిన చిన్న కథ. గఫూర్ నేతపని చేసే కులంలో పుట్టిన పేద రైతు. తల్లిలేని బిడ్డ అమీనా, ముసలి ఎద్దు మహేశ్, ఇవే అతని సంసారం. కరువు. బాకీ కింద జమీందారు మనుషులు గడ్డి పట్టుకుపోయారు. హిందువుల ఊళ్లో గోవును మాడుస్తావా అని గద్దించే బ్రాహ్మణుడు గడ్డి అడిగితే ఇవ్వడు. గఫూర్ తన ఇంటి కప్పు పీకి ఎద్దుకు మేపుతాడు. బిడ్డ బావి దగ్గర గంటల తరబడి నిలబడి, ఎవరో దయతలచి పోస్తే తెచ్చుకున్న నీళ్లకుండను ఎద్దు పడగొడుతుంది. ఆకలి, దప్పి, అప్పుడే జమీందారు దగ్గర తిన్న దెబ్బలు అన్నీ కలిసి గఫూర్ చేత ఎద్దు తలమీద కొట్టిస్తాయి. అది చచ్చిపోతుంది. రాత్రికి రాత్రి బిడ్డ చెయ్యి పట్టుకొని జనపమిల్లుకు బయల్దేరుతాడు. తనకు ఏ శిక్ష అయినా వెయ్యమనీ, మహేశ్‌కు మేత, నీళ్లు దక్కనియ్యని వాళ్లను మాత్రం మన్నించొద్దనీ అల్లాను వేడుకుంటాడు.

ఈ కథ ఇంగ్లీషులో చదివి అబ్బాకు మా ఇంటి మాటలో చెప్పాను. మహేశ్ అంటే శివుడని ఇంగ్లీషు పాఠకుడికి వివరించాల్సి ఉంటది. అబ్బాకు అక్కర లేకపోయింది. 'మన బసవన్న లెక్కనే' అన్నాడు. చివరిదాకా విని చాలాసేపు బీడీ ముట్టించలేదు. 'ఉనే కసాయి నై రే' అన్నాడు. వాడు కసాయి కాదురా అని. తర్వాత, 'ఆ మిల్లు ఎక్కడ? భీవండి తిక్కేనా?' అని అడిగాడు. మా నల్లగొండ పద్మశాలీలు మగ్గాలు ఆగిపోయి భీవండికీ షోలాపూర్‌కీ పోయిన దారి ఆయనకు తెలుసు. పాలమూరు లేబర్‌గా బొంబాయి పోయిన మా మామూ సంగతీ తెలుసు. గఫూర్ ఏ బస్సెక్కాడో ఆయన కండ్లకు కట్టింది. ఏ విమర్శకుడూ నాకు ఈ కథను ఇంత బాగా చదివి వినిపించలేదు.

అట్లాగని శరత్‌ను తలకెత్తుకుందామా? ఈ కథ రాసిన చెయ్యే 1926లో ఒక ప్రసంగమూ రాసింది. హిందుస్థాన్ హిందువుల దేశమనీ, దాన్ని విడిపించే బాధ్యత హిందువులదేననీ అందులో అన్నాడు. గఫూర్ కన్నీళ్లు తెలిసినవాడు గఫూర్‌కు దేశం లేకుండా చేశాడు. కథకుడిగా గఫూర్ గుడిసెలోకి వెళ్లగలిగిన మనిషి, వేదిక ఎక్కగానే మళ్లీ ఆ ఫుట్‌బాల్ మైదానంలోకే వచ్చాడు. 'మన శరత్' అనేవాళ్లు రెంటినీ చదవాలె.

అనువాదం ఇట్లాంటివి చూపిస్తది, దాస్తది కూడా. బంకించంద్రుడి 'ఆనందమఠ్' 1882 నాటిది. అమెరికాలో 1941లో వచ్చిన ఇంగ్లీషు అనువాదం అందులో ముసల్మాన్ల మీది కోపాన్ని ఇంగ్లీషువాళ్ల మీదికి మళ్లించింది. 2005లో జూలియస్ లిప్నర్ చేసిన అనువాదం వేర్వేరు ముద్రణల్లోని తేడాలతో సహా ఉన్నదున్నట్టు చూపించింది. మనసు నొచ్చుకోకుండా చేసే అనువాదం కంటే నొప్పించే నిజమే మాకు మేలు. దాంతో మాట్లాడొచ్చు.

ఇక భారతం. దాన్ని మొత్తం ఇంగ్లీషు వచనంలో పెట్టినవాడూ బెంగాలీయే. కిసారి మోహన్ గంగూలీ అనువాదాన్ని 1883 నుంచి 1896 దాకా కలకత్తాలో భాగాలు భాగాలుగా అచ్చేశారు. అందులో ఖాండవ దహనం చదివినప్పుడు నాకు ఊపిరాడలేదు. నన్నయ పద్యాల నడకకు తలూపుతూ ఎన్నిసార్లు విన్నానో ఆ ఘట్టం. ఆ సంగీతం లేని వచనంలో మంటలు మాత్రమే మిగిలాయి. పారిపోయే జీవాలను తిరిగి మంటల్లోకి నెట్టటం కనిపించింది. బతికి బయటపడ్డది ఆరు ప్రాణాలు. అందులో ఒకడు మయుడు. ఇల్లు కాలిపోయిన ఆ మయుడే, కాల్చినవాళ్లకు సభ కట్టిపెట్టాడు. మయసభ అనగానే మనకు దుర్యోధనుడి అవమానం, నాటకంలో దీర్ఘసమాసాలు గుర్తొస్తయి. మేస్త్రీ ఎవరికీ గుర్తురాడు. కట్టినవాడి ఇల్లు ఏమైందని మేం కాక ఇంకెవరు అడుగుతరు?

ఈ భారతం మీకెందుకు అనేవాళ్లకు చరిత్రే జవాబు చెప్తది. బెంగాలీలో తొలి భారతాల్లో ఒకటి, కవీంద్ర పరమేశ్వరుడిది, చిట్టగాంగ్ పాలకుడు పరాగల్ ఖాన్ అడిగితే 16వ శతాబ్దంలో పుట్టింది. ఇక్కడ అద్దంకి గంగాధర కవి 'తపతీ సంవరణోపాఖ్యానం' ఇబ్రహీం కుతుబ్‌షాకు అంకితమిచ్చాడు. పొన్నగంటి తెలగన అచ్చ తెలుగులో 'యయాతి చరిత్ర' రాసి పటాన్‌చెరు అమీన్ ఖాన్‌కు ఇచ్చాడు. రెండూ ఆదిపర్వం కథలే. పూనా భండార్కర్ సంస్థ భారత పరిష్కరణకు ఏడో నిజాం ఏటా వెయ్యి రూపాయల చొప్పున సాయం చేశాడు. నవాబుల గొప్ప చెప్పుకోవటానికి ఇవన్నీ అనటం లేదు. నవాబుల గొప్ప నాల్‌బందులది కాదు. ఈ కథలు వినే గుంపులో మేం ముందునుంచీ కూచునే ఉన్నామని చెప్పటానికి అంటున్నా.

అయితే ఇంగ్లీషు దొడ్డిదారిలోనే ఉండిపోతే గఫూర్ మాకు దక్కడు. నేను గఫూర్‌ను అబ్బా దాకా తీసుకుపోవటానికి మళ్లీ ఇంటి మాటకే రావలసి వచ్చింది. తెలుగులోకీ అట్లాగే రావాలె. బెంగాలీలోని ముస్లిం రచయితలు కూడా తెలుగులోకి రావాలె. సయ్యద్ వలీఉల్లా 'లాల్‌సాలు' 1948 నాటిది. బేగం రొకేయా స్త్రీల కోసం అంతకు ఎంతో ముందు నుంచే రాసింది. శరత్ మనకు దొరికినంత విరివిగా వీళ్లు దొరకలేదు. బెంగాల్ అంటే సగం బెంగాలే చదివాం.

అబ్బా ఇప్పుడు లేడు. ట్రాక్టర్లు వచ్చాక నాడాల పని కూడా లేదు. 2017లో రాజస్థాన్‌లో అల్వర్ దగ్గర పెహ్లూ ఖాన్ అనే పాడి రైతును సంతలో ఆవులు కొనుక్కొని పోతుంటే కొట్టి చంపారు. ఆ వార్త చదివిన రోజు 'మహేశ్' మళ్లీ తీశాను. గడ్డాన్ని, ఎద్దును ఒక్కచోట చూస్తే కసాయే గుర్తొచ్చే కాలంలో, ఎద్దు గంగడోలు నిమిరిన చెయ్యి గుర్తు చేయటానికి ఈ ఒక్క కథే దొరికింది నాకు. ఇంకా రాయవలసినవి మనమే రాయాలె, తెలుగులో.