ఆగితే పేలే రైలు

ఏదైనా తేడా వస్తే గొలుసు లాగొచ్చు, బండి ఆగుతుంది. రైలెక్కే ప్రతివాడికీ ఉండే ధీమా ఇది. 1975లో జున్యా సాతో తీసిన జపాన్ సినిమా 'ది బుల్లెట్ ట్రైన్' సరిగ్గా ఆ ధీమానే లాగేసింది. టోక్యో నుంచి హకాతాకు 1,500 మందితో బయల్దేరిన హికారీ 109 అనే బుల్లెట్ రైల్లో బాంబు ఉంది. వేగం గంటకు 80 కిలోమీటర్లకు పడిపోయిందా, పేలుతుంది. ఏ చిన్న తేడా వచ్చినా దానంతటదే ఆగిపోవడం బుల్లెట్ రైలు గొప్ప. ఇక్కడ ఆ గొప్పే ప్రాణాల మీదికి తెచ్చింది. పోనీ, అలా పోతూనే ఉందామా అంటే హకాతాలో పట్టాలు అయిపోతాయి.

ఇందులో ఊపిరి బిగబట్టించే ఘట్టం ఫైటు కాదు. ముందు ఒక బండి చెడి నిలబడిపోతుంది. హికారీని పక్క లైనులోకి మళ్లించాలి, ఆ లైనులో ఎదురుగా ఇంకో రైలు వస్తోంది. కంట్రోల్ రూములో కురమోచి అనే అధికారి క్షణాలు లెక్కగడుతుంటాడు. కరాటే ఫైట్లకు పేరుమోసిన సోనీ చీబా ఇందులో డ్రైవరు. అంతటివాణ్ణి సీటుకు అతికించి, చెమటలు పట్టించడమే దర్శకుడి తెలివి. బాంబు పెట్టిందేమో దివాలా తీసిన చిన్న కార్ఖానాదారు. ఆ పాత్రలో కెన్ తకకురాని చూస్తే కోపం రాదు, జాలేస్తుంది. రైల్వే సహకరించనంది కాబట్టి సెట్లతో, బొమ్మ రైళ్లతో లాక్కొచ్చారు. కొన్నిచోట్ల బొమ్మ బొమ్మలాగే కనిపిస్తుంది. అయినా భయం తగ్గదు.

మన 'ది బర్నింగ్ ట్రైన్' (1980)లో బ్రేకులు పోతాయి, మంటలు లేస్తాయి, మధ్యలో పాటలూ వస్తాయి. తారల సందడిలో రైలు వెనకబడింది.

కొరియా 'ట్రైన్ టు బుసాన్' (2016) దారి వేరు. దర్శకుడు యోన్ సాంగ్‌హో కంట్రోల్ రూము జోలికే పోలేదు, పెట్టెలోనే కూర్చున్నాడు. పెట్టెల నిండా కరిచే జాంబీలు, వాళ్లకు చీకట్లో కళ్లు కనపడవు. అందుకే సొరంగం చీకట్లో హీరో, అతని తోటివాళ్లు సామాన్ల అరల మీద పాకుతూ పెట్టె తర్వాత పెట్టె దాటుతారు. తీరా చేరాక, తోటి ప్రయాణికులే తలుపు మూసి తెరవరు. కరిచేవాళ్లకన్నా ఆ తలుపు పట్టుకున్నవాళ్లే నన్ను ఎక్కువ భయపెట్టారు.

బ్రాడ్ పిట్ 'బుల్లెట్ ట్రైన్' (2022)లో కొట్లాటలు హుషారుగా ఉంటాయి, కాని వాటిని ఏ హోటలు వరండాలోనైనా తీయొచ్చు. స్టేషన్లో ఆగే ఆ ఒక్క నిమిషంలో దిగలేక హీరో పడే అవస్థ మాత్రం అచ్చంగా రైలుదే.

జపాన్ వాళ్లే 2025లో పాత కథకు కొనసాగింపుగా 'బుల్లెట్ ట్రైన్ ఎక్స్‌ప్లోజన్' తీశారు. దర్శకుడు షింజి హిగుచి. వేగం హద్దు 100 కిలోమీటర్లకు పెరిగింది. ఈసారి రైల్వే సంస్థ నిజం రైళ్లే ఇచ్చింది. తెర మీద ఆ బరువు తెలుస్తుంది. సిబ్బంది మీద మచ్చ పడకూడదన్న జాగ్రత్తా తెలుస్తుంది. పాత సినిమాకు ఆ జాగ్రత్త లేదు. అందులో బాంబు పీడ వదిలాక కూడా, నేరస్థుణ్ణి రప్పించడానికి పైవాళ్లు టీవీలో విజ్ఞప్తులు ఆపరు. అది సహించలేక కురమోచి ఉద్యోగం వదిలేసి వెళ్లిపోతాడు.