'సాధ్యమైనంత మేరకు': భాషావిధాన పత్రాల భాషపై ఒక పరిశీలన

ప్రభుత్వ పత్రాలను సాహిత్యంగా చదివే అలవాటు మనకు లేదు. కావ్యంలో ఒక విశేషణం ఔచిత్యాన్ని గురించి పుటల కొద్దీ చర్చించే మనం, కోట్లాది పిల్లల చదువును నిర్ణయించే తీర్మానంలో ఒక చిన్న మాట ఎందుకు పడిందని అడగం. స్వతంత్ర భారతదేశపు భాషావిధాన చరిత్రను వరుసగా చదివితే, దాని మలుపులలో చాలా భాగం ఇటువంటి చిన్న మాటల దగ్గరే కనిపిస్తాయి. ఆ మాటలలో కొన్నింటిని, ముఖ్యంగా బడిలో అడుగుపెట్టే బిడ్డకు సంబంధించిన వాటిని పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

మొదటి ఉదాహరణ పాఠకులకు తెలిసినదే. 1949 సెప్టెంబరు 14న రాజ్యాంగ సభ దేవనాగరి లిపిలోని హిందీని కేంద్రానికి అధికార భాషగా అంగీకరించింది. ఇంగ్లీషుకు 15 ఏళ్ల గడువు ఇచ్చింది. గడువు సమీపించినప్పుడు వచ్చిన 1963 నాటి అధికార భాషల చట్టం, ఆ తరువాత కూడా ఇంగ్లీషు 'కొనసాగవచ్చు' అన్నది. 'కొనసాగవచ్చు' అంటే 'కొనసాగాలి' అనే అర్థమని నెహ్రూ సభలో నచ్చజెప్పారు. హిందీయేతర రాష్ట్రాల ప్రతినిధులకు మాత్రం ఆ 'వచ్చు'లో 'పోవచ్చు' కూడా వినిపించింది. 1965లో మద్రాసు రాష్ట్రం అట్టుడికింది, ప్రాణాలు పోయాయి. 1967 సవరణతో ఆ సందిగ్ధతను చాలా మేరకు తొలగించవలసి వచ్చింది. ఒక క్రియారూపంలోని అస్పష్టతకు దేశం చెల్లించిన మూల్యమది. అయితే ఒక సంగతి గుర్తుంచుకోవాలి. ఆ మాటను ప్రశ్నించినవారికి శాసనసభలు, పార్టీలు, పత్రికలు ఉన్నాయి. కనుకనే మాట మారింది.

ఇక త్రిభాషా సూత్రం. 1956లో కేంద్ర విద్యా సలహా మండలి చర్చలలో రూపుదిద్దుకొని, 1961లో ముఖ్యమంత్రుల సమావేశం ఆమోదం పొంది, 1964–66 నాటి కొఠారీ కమిషన్ చేతిలో కొంత సంస్కరణకు గురై, 1968లో పార్లమెంటు తీర్మానంలోనూ జాతీయ విద్యావిధానంలోనూ చోటుచేసుకున్న సూత్రమిది. హిందీయేతర ప్రాంతాల పిల్లలు ప్రాంతీయ భాష, ఇంగ్లీషులతో పాటు హిందీ నేర్వాలి. హిందీ ప్రాంతాల పిల్లలు హిందీ, ఇంగ్లీషులతో పాటు మరొక ఆధునిక భారతీయ భాషను, 'ప్రాధాన్యంగా' ఒక దక్షిణాది భాషను నేర్వాలి. ఆ 'ప్రాధాన్యంగా' అనే మాట చాలాచోట్ల తీర్మానపు పుటను దాటి తరగతి గదికి చేరలేదు. ఉత్తరాదిన అనేక పాఠశాలల్లో మూడో భాష స్థానం సంస్కృతానికి దక్కింది. తమిళనాడు అదే 1968లో ద్విభాషా విధానాన్ని ఎంచుకుని సూత్రం నుంచి వైదొలగింది.

ఈ వైఫల్యాలను గురించి ఇప్పటికే చాలా రాశారు. వాటికంటే మౌలికమైన మరో విషయం ఉన్నది. త్రిభాషా సూత్రాన్ని నిదానంగా చదివితే అది రాష్ట్రాల మధ్య కుదిరిన సంధిపత్రంలా తోస్తుంది. ఏ ప్రాంతం ఎంత భారం మోయాలి, ఒకరు మూడు నేర్చుకుంటే మరొకరు రెండుతో సరిపెట్టుకోవడం న్యాయమా అన్నవే అందులోని ప్రశ్నలు. దేశ సమైక్యత దృష్ట్యా అవి అవసరమైన ప్రశ్నలే. కాని సంధి చేసుకున్న పక్షాలలో బిడ్డ లేడు. బిడ్డకు భాషల సంఖ్య కంటే వాటి వరుస ముఖ్యం. ఏ భాషలో తొలిసారి అక్షరాలు దిద్దాలి, ఆ భాష ఎన్నాళ్లు తోడుండాలి, రెండో భాషలోకి ఏ వంతెన మీదుగా నడవాలి? ద్విభాషా విద్య అంటే ఈ మూడు ప్రశ్నలకు సమాధానం. చదవడమనే విద్య తెలిసిన భాషలో ఒకసారి పట్టుబడితే, మరో భాషను చదవడానికి అదే పెట్టుబడి అవుతుంది. రెండు మూడు భాషలను పాఠ్యాంశాలుగా బోధించడం వేరు, ఒక భాష ఆసరాతో మరో భాషలోకి చేయిపట్టి నడిపించడం వేరు. మన సూత్రం మొదటిదానిని లెక్కగట్టి, రెండోదానిని ఉపాధ్యాయుని చాకచక్యానికి విడిచిపెట్టింది.

ఇంటిభాష ఆ మూడింటిలోనూ లేని పిల్లల సంగతి మరీ కఠినం. 1961 జనాభా లెక్కలలో 1652 మాతృభాషల పేర్లు నమోదయ్యాయి. 2011 లెక్కల ప్రకారం పదివేల మందికి పైగా మాట్లాడే భాషలే 121. ఎనిమిదో షెడ్యూలులో ఉన్నవి 22. సవర, కువి, కోయ, కొలామి మాట్లాడే బిడ్డకు మనం 'ప్రాంతీయ భాష' అని పిలిచే తెలుగే రెండో భాష. వాడి విషయంలో త్రిభాషా సూత్రం నిజానికి చతుర్భాషా సూత్రం; అందులో మొదటి భాషకు మాత్రం స్థానం లేదు.

ఈ పిల్లలను గురించి పత్రాలు మౌనం వహించాయని అనలేము. 1949 ఆగస్టులో జరిగిన రాష్ట్రాల విద్యామంత్రుల సమావేశం, పాఠశాల మొత్తంలో 40 మంది గాని, ఒక తరగతిలో 10 మంది గాని ఉంటే వారి మాతృభాషలో ప్రాథమిక బోధన ఏర్పాటు చేయాలని నిర్ణయించింది. 1956లో ఏడో సవరణ ద్వారా రాజ్యాంగంలో చేరిన 350-ఎ అధికరణం, భాషాపరమైన అల్పసంఖ్యాక వర్గాల పిల్లలకు ప్రాథమిక దశలో మాతృభాషా బోధనకు 'తగిన' సౌకర్యాలు కల్పించడానికి రాష్ట్రాలు 'కృషి' చేయాలన్నది. 2009 నాటి విద్యాహక్కు చట్టం బోధనా మాధ్యమం 'ఆచరణ సాధ్యమైనంత మేరకు' బిడ్డ మాతృభాష కావాలన్నది. 2020 జాతీయ విద్యావిధానం, 'వీలైన చోటల్లా' కనీసం అయిదో తరగతి వరకు ఇంటిభాష, మాతృభాష, స్థానిక భాష లేదా ప్రాంతీయ భాష బోధనా మాధ్యమంగా ఉంటుందని చెప్పింది.

ఈ నాలుగింటినీ పక్కపక్కన పెట్టి చదవండి. మొట్టమొదటి దానిలో అంకె ఉన్నది: నలభై, పది. ప్రధానోపాధ్యాయుడు హాజరుపట్టీ తెరిచి లెక్కపెట్టగలడు, తండ్రి వెళ్లి అడగగలడు. తరువాతి వాటిలో ఆశయం విస్తరించింది, వాక్యం గంభీరమైంది, అంకె మాయమైంది. దాని స్థానంలో 'తగిన', 'కృషి', 'సాధ్యమైనంత', 'వీలైన చోటల్లా' వచ్చి చేరాయి. 2020 పత్రంలో ఇంటిభాషకూ ప్రాంతీయ భాషకూ మధ్య ఉన్నది ఒక్క 'లేదా'. సవర బిడ్డకు తెలుగులో పాఠం చెప్పినా ఆ వాక్యం నెరవేరినట్లే.

ఇటువంటి మాటలు రాసేవారి పక్షాన కూడా కొంత చెప్పాలి. నేనూ ఆ కోవకు చెందినవాడినే. లిపి, పాఠ్యపుస్తకాలు, భాష తెలిసిన ఉపాధ్యాయులు, చెదిరి ఉన్న ఆవాసాలు: ఇవన్నీ నిజమైన ఇబ్బందులు. నెరవేర్చలేని వాగ్దానం చేయకపోవడం పాలనలో ఒక నిజాయితీ. అయితే 'సాధ్యం' అన్నది ఎవరు తేల్చాలి, ఎప్పటిలోగా తేల్చాలి, కాదన్నప్పుడు కారణం ఎక్కడ రాయాలి అన్నవి చెప్పకపోతే, ఆ మాట పరిమితిని సూచించడం మాని తలుపుకు గడియ అవుతుంది.

ఉద్యోగంలో చేరిన తొలి ఏళ్లలో, శ్రీకాకుళం జిల్లా ఏజెన్సీలో ఒక పాఠశాల తనిఖీకి వెళ్లాను. ఒకటో తరగతిలో ఒక సవర పిల్లవాడు గోడమీది బొమ్మను చూపి తోటివాడికి ఏదో గుక్కతిప్పుకోకుండా చెబుతున్నాడు. నేను దగ్గరికి వెళ్లి అదే బొమ్మ ఏమిటని తెలుగులో అడిగాను. పిల్లవాడు నేలచూపులు చూశాడు. రిజిస్టరులో అతని పేరు ఎదుట 'మందకొడి' అని ఉన్నది. కొంతకాలానికి, ఆ ప్రాంతపు పాఠశాలలకు సవర తెలిసిన స్థానిక యువకులను బోధకులుగా తీసుకోవాలన్న ప్రతిపాదన నా బల్ల మీదికి వచ్చింది. 'నిధుల లభ్యతకు లోబడి, సాధ్యమైనంత మేరకు పరిశీలించవచ్చును' అని రాసి పంపాను. రాసినది తప్పు వాక్యమని అప్పుడు తోచలేదు. ఆ దస్త్రం తిరిగి నా దగ్గరికి రాలేదు, నేనూ పిలిపించలేదు.

సాధ్యాసాధ్యాల మాట వచ్చినప్పుడు గిడుగు రామమూర్తి పంతులుగారిని స్మరించక తప్పదు. వ్యావహారిక భాషోద్యమ నాయకుడిగా ఆయనను తెలుగువారందరూ ఎరుగుదురు. పర్లాకిమిడిలో చరిత్ర బోధించే ఆ అధ్యాపకుడు సవరల భాష నేర్చి, వారి పిల్లలకు వాచకాలు కూర్చి, సొంత ఖర్చుతో బడులు నడిపారన్నది అంతగా ఎరుగరు. 1931లో ఆయన సవర భాషా వ్యాకరణం, 1938లో సవర–ఇంగ్లీషు నిఘంటువు వెలువడ్డాయి. తెలుగు పిల్లవానికి గ్రాంథికం పరాయిదైనట్లే సవర పిల్లవానికి తెలుగు పరాయిదని గ్రహించడంలోనే ఆయన రెండు ఉద్యమాలూ ఒకటయ్యాయి. ఒక బడిపంతులు జీతంతో మొదలుపెట్టగలిగిన పనిని ప్రభుత్వం అసాధ్యమనడం కష్టం. 2004 ప్రాంతంలో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ఎనిమిది గిరిజన భాషలలో, 2007లో ఒడిశా పది భాషలలో బహుభాషా విద్యా కార్యక్రమాలు ఆరంభించాయి. పుస్తకాలు తయారయ్యాయి, బోధకులు దొరికారు. ఆరంభించడం సాధ్యమని రుజువైంది. అధికారులు మారినా ఆగకుండా కొనసాగించడమే ఇప్పటి సమస్య.

మాతృభాష ఒక్కటే చాలునన్న వాదనకు కూడా చరిత్ర హెచ్చరిక చేస్తుంది. 1918లో ప్రారంభమైన ఉస్మానియా విశ్వవిద్యాలయం ఉన్నత విద్యను దేశభాషలో బోధించి చూపిన గొప్ప ప్రయోగం. అనువాద శాఖ నెలకొల్పి శాస్త్ర గ్రంథాలను ఉర్దూలోకి తెచ్చారు. ఇంగ్లీషును తప్పనిసరి పాఠ్యాంశంగా ఉంచారు. కాని నిజాం రాజ్యంలో అత్యధికుల ఇంటిభాషలు తెలుగు, మరాఠీ, కన్నడం. దేశభాష అయినంత మాత్రాన అది బిడ్డ భాష కాదని ఆ ప్రయోగమే చెబుతుంది. పొరుగున శ్రీలంకలో స్వాతంత్ర్యానికి ముందు నుంచీ సాగిన స్వభాషా విద్య సింహళ, తమిళ పిల్లలను ఎవరి భాషలో వారికి చదువు చెప్పింది. మధ్య వంతెన వేయలేదు. ఒకే దేశపు యువతరం ఒకరి మాట ఒకరికి తెలియకుండా పెరిగింది. 1956లో సింహళాన్ని ఏకైక అధికార భాష చేసిన చట్టం ఆ అగాధాన్ని పూడ్చలేనిదిగా చేసింది. 1987 సవరణ తమిళానికి అధికార ప్రతిపత్తి ఇచ్చేనాటికి దేశం అంతర్యుద్ధంలో ఉన్నది. పునాది ఎంత అవసరమో వంతెన కూడా అంతే అవసరం.

నేడు ఆ వంతెన ఇంగ్లీషు వైపు వేయమని పేద తల్లిదండ్రులే అడుగుతున్నారు. వారిని భాషాభిమానం లేనివారని నిందించడం అన్యాయం. ఉద్యోగం ఏ భాషలో ఉందో వారు చూస్తూనే ఉన్నారు. 2014లో కర్ణాటక కేసులో సుప్రీంకోర్టు ప్రాథమిక దశలో మాతృభాషా మాధ్యమాన్ని రాజ్యం నిర్బంధించజాలదని తీర్పు చెప్పింది. ఆంధ్రప్రదేశ్ 2019లో ప్రభుత్వ బడులలో ప్రాథమిక తరగతుల నుంచే ఇంగ్లీషు మాధ్యమాన్ని తప్పనిసరి చేస్తూ ఇచ్చిన ఉత్తర్వులను 2020 ఏప్రిల్‌లో హైకోర్టు కొట్టివేసింది. ఏ భాషనైనా నిర్బంధించడం అంత సులువు కాదని ఈ రెండు తీర్పులూ చెబుతున్నాయి. ఇంటిభాషలో చదవడం నేర్చిన బిడ్డే ఇంగ్లీషు కూడా బాగా నేర్వగలడని బడి చేసి చూపించాలి. తల్లిదండ్రులు ఉత్తర్వును నమ్మరు, పక్కింటి పిల్లవాడి చదువును నమ్ముతారు.

కాబట్టి కొత్త సూత్రం కంటే పాత వాక్యానికి చిన్న సవరణ మేలు. 'సాధ్యమైనంత మేరకు' అన్న ప్రతిచోటా మూడు సంగతులు చేర్చాలి: నిర్ణయించే అధికారి ఎవరు, గడువు ఏది, సాధ్యం కాదన్నప్పుడు కారణాన్ని తల్లిదండ్రులు చదవగల భాషలో ఎక్కడ ప్రకటిస్తారు. 1949 నాటి నలభై, పది అంకెలను చెదురుమదురు ఆవాసాలకు తగినట్లు తగ్గించి మళ్లీ వాక్యంలోకి తేవాలి. ఇందుకు పెద్ద వ్యయం అక్కరలేదు. దస్త్రం మీద సంతకం చేసేవాడు తన మాటకు బాధ్యత వహిస్తే చాలు. ఆ రోజు బొమ్మను చూపి మాట్లాడిన పిల్లవాడు ఏం చెబుతున్నాడో నాకు ఇప్పటికీ తెలియదు. అతడి బడిలో అది తెలిసినవారు ఒక్కరు ఉండి ఉంటే, రిజిస్టరులో ఆ మాట పడేది కాదు.