‘మోల్ పీపుల్’ : ఒక గ్రంథనామవిచారము

న్యూయార్కు నగరముక్రింది రైలుసొరంగములలోఁ గాఁపురముండిన నిరుపేదలను గూర్చి జెన్నిఫర్ టాత్ 1993లోఁ బ్రకటించిన గ్రంథమునకు ‘ది మోల్ పీపుల్’ అని పేరు. గ్రంథకర్త్రి పడుచువయసున స్వయముగా నా చీఁకటిలోనికి దిగి వారి మాటల నాలకించినది. ఆ సాహసము మెచ్చవలసినదే. నా యాక్షేపము పేరుతోనే మొదలగును.

మోల్ అనఁగా నేలఁ ద్రవ్వుకొని మన్నులో మసలు, చూపానని చిన్న జంతువు. దానితో మనుష్యవాచక శబ్దము సమసించినది. పురుషవ్యాఘ్రశబ్దమున సాధారణధర్మమైన శౌర్యము చెప్పకయే స్ఫురించును. ఉపమేయమునకు గౌరవమును గలుగును. ఇచ్చట స్ఫురించు ధర్మమేది? త్రవ్వుట యందమా, వారొక్క బెడ్డనైనఁ ద్రవ్వినవారు గారు. రివర్‌సైడ్ పార్కు క్రింద 72వ వీథి మొదలు 123వ వీథి దాఁక నున్న సొరంగమునే చూడుఁడు. అది త్రవ్వినదే కాదు. 1930-40 నడుమ రైలుదారిపైఁ గప్పు వేయఁగా నేర్పడినది. 1980 ప్రాంతమున సరకుబండ్లు నిలిచిపోయిన పిదప నిండ్లు లేనివారందుఁ జేరిరి. చీఁకటి యందమా, పైనున్న యినుపకమ్ముల సందులనుండి యెండ దిగుచుండెను. ఆ వెలుఁగుననే చిత్రకారులు గోడలపై బొమ్మలు వ్రాసిరి. చూపులేమి యందమా, దానికి సమాధానము తరువాతఁ జెప్పెదను.

పేరు కుదరనిచోట వర్ణనయుఁ గుదరదు. టాత్ వర్ణించిన కొన్ని తావులు వాస్తవమునకు సరిపడవని, రైలుదారుల నెఱిఁగిన జోసెఫ్ బ్రెన్నన్ 1996లో నాక్షేపించెను. జనులను వింతజంతువులుగాఁ జూడఁగోరు చదువరికి వింతచోటులును గావలసియుండును గాఁబోలు! మార్గరెట్ మార్టన్ 1995లోఁ బ్రకటించిన ‘ది టన్నెల్’ దీనికంటె మిన్నయని నాకుఁ దోఁచును. అందు ఛాయాచిత్రములును, వానితోడ నా జనుల నోటిమాటలును గలవు.

తెలుఁగున వీరిని ‘బిలవాసు’ లనుటయు దోషమే. అమరమున బిలేశయశబ్దము సర్పపర్యాయము. మోల్‌ను వదలి పామును దెచ్చినట్లగును. సొరంగవాసు లనుట మేలు. అది తావును జెప్పును, జాతిని గల్పింపదు. భారతమున లక్కయింటి సొరంగము పాండవులకుఁ బ్రాణములు దక్కించుకొని పోవు త్రోవ. వీరికి నట్టిదే నిలువనీడ.

ఇఁక చూపుమాట. మార్క్ సింగర్ తీసిన ‘డార్క్ డేస్’ అను చలనచిత్రము 2000లో వెలువడినది. దానికి దీపములమర్చి పనిచేసినవారు ఆ సొరంగవాసులే! చెక్కపలకల గుడిసెలు, వంటలు, పెంపుడు కుక్కలు అందుఁ గాననగును. తలుపును బొయ్యియుఁ గలదానిని ఇల్లు కాదనుట యెట్లని మొదట ననుకొంటిని. తొందరపడితిని. 1991 మొదలుగా నా దారినిఁ బ్రయాణికుల బండ్లను నడపిన ఆమ్‌ట్రాక్ సంస్థ వారిని వెడలఁగొట్టఁ బూనఁగా, సహాయకులు పూనుకొని, అద్దెకుఁ దోడుపడు పత్రములను ప్రభుత్వముచే నిప్పించిరి. పైని గదులు దొరకినపిదప, వారు సమ్మెటలు పట్టి తమ గుడిసెలను దామే పడఁగొట్టుట చిత్రాంతమునఁ జూడనగును.