సంతకం కావాలా? ముందు ప్రశ్న రాయండి

ఆటోగ్రాఫ్ కోసం చుట్టుముట్టే బడిపిల్లలకు ఖగోళ భౌతిక శాస్త్రవేత్త జయంత్ విష్ణు నార్లీకర్ ఒక షరతు పెట్టేవారు. సైన్సులో తమకు తోచిన ప్రశ్నను పోస్టుకార్డు మీద రాసి పంపాలి. ఆయన జవాబు రాసి, దాని కింద సంతకం చేసేవారు. సంతకం అడిగిన పిల్లవాడు ఇంటికెళ్లి ఆలోచనలో పడేవాడు. ఆయన బోధన పద్ధతి అంతా ఇందులోనే ఉంది.

1938లో కొల్హాపూర్‌లో పుట్టిన నార్లీకర్ కాశీలో చదివి, కేంబ్రిడ్జిలో ఖగోళ శాస్త్రవేత్త ఫ్రెడ్ హోయల్‌కు శిష్యుడయ్యారు. 1964లో గురువుతో కలిసి గురుత్వాకర్షణకు కొత్త సిద్ధాంతం ప్రతిపాదించారు. మరుసటి ఏడాదే పద్మభూషణ్ వచ్చింది. 1972లో స్వదేశానికి తిరిగొచ్చి ముంబైలోని టాటా ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ఫండమెంటల్ రీసెర్చ్‌లో చేరారు. 1988లో పుణెలో ఐయూకా అనే ఖగోళ పరిశోధన కేంద్రాన్ని నెలకొల్పారు. విశ్వం మహావిస్ఫోటంతో పుట్టిందనే వాదాన్ని ఆయన చివరిదాకా ఒప్పుకోలేదు. ఎక్కువమంది శాస్త్రవేత్తలు అటే ఉన్నా, లెక్కలతో, పరిశోధన పత్రాలతో వాదిస్తూనే వచ్చారు.

ఆయన పరిశోధనకు మన హైదరాబాద్‌తోనూ బంధం ఉంది. సూక్ష్మజీవులు అంతరిక్షం నుంచి వస్తున్నాయా అని చూసేందుకు 2005లో ఇక్కడి బెలూన్ కేంద్రం నుంచి ఎగరేసిన బెలూన్ 20 నుంచి 41 కిలోమీటర్ల ఎత్తులో గాలిని సేకరించింది. హైదరాబాద్‌లోని జీవశాస్త్ర పరిశోధన సంస్థ సీసీఎంబీలో, పుణె ప్రయోగశాలలో జరిగిన పరీక్షల్లో మూడు కొత్త బ్యాక్టీరియా జాతులు బయటపడ్డాయి. ఒకదానికి హోయల్ పేరు పెట్టారు. అవి అంతరిక్షం నుంచే వచ్చాయని మాత్రం రుజువు కాలేదు.

రుజువు కావాలన్న ఇదే పట్టింపును ఆయన జనం మధ్యకూ తీసుకెళ్లారు. 2008లో జ్యోతిషాన్ని పరీక్షకు పెట్టారు. చదువులో చురుకైన పిల్లల జాతకాలు, బుద్ధిమాంద్యం ఉన్న పిల్లల జాతకాలు కలిపి, ఒక్కో జ్యోతిషుడికి నలభై చొప్పున పంపి, ఏది ఎవరిదో చెప్పమన్నారు. జవాబులు పంపినవారు 27 మంది. అందరికన్నా బాగా చెప్పినవారికి 24 సరిపోయాయి. మొత్తం సగటు ఇరవైకి చేరలేదు. బొమ్మా బొరుసా వేసినా దాదాపు ఇరవై వస్తాయి. ఆయన ఎవరినీ ఎగతాళి చేయలేదు, అంకెలు ముందు పెట్టారంతే.

పిల్లలకూ ఇదే దారి. ఐయూకాలో నెలలో రెండో శనివారం బడిపిల్లలకు ఉపన్యాసాలు మొదలయ్యాయి. అక్కడి పిల్లల సైన్సు కేంద్రంలో సైన్సు బొమ్మల రూపకర్త అరవింద్ గుప్తా అగ్గిపుల్లలు, సైకిల్ వాల్వ్ ట్యూబు ముక్కలతో పాఠం చెప్పేవారు. మూడు పుల్లలు కలిపితే త్రిభుజం, నొక్కినా కదలదు. నాలుగింటితో చేసిన చతురస్రం వేలితో తోస్తే ఒరిగిపోతుంది. కరెంటు టవర్లో ఇనుప కడ్డీలు త్రిభుజాలుగా ఎందుకుంటాయో పిల్లలకు వేళ్లే చెబుతాయి.

పెద్దల కోసం మరాఠీలో కథలు రాశారు. తొలి కథను మారుపేరుతో పోటీకి పంపి బహుమతి గెలిచారు. 1996లో యునెస్కో కళింగ పురస్కారం, 2014లో మరాఠీ ఆత్మకథకు సాహిత్య అకాడమీ అవార్డు అందుకున్నారు. 2025 మే 20న పుణెలో కన్నుమూశారు.

పరిశోధన చేసేవాడికి జనానికి చెప్పే తీరిక ఉండదన్న మాటను ఆయన జీవితమే కొట్టిపారేసింది. మన విశ్వవిద్యాలయాల్లో, ప్రయోగశాలల్లో తెలుగు శాస్త్రవేత్తలకు కొదవలేదు. నెలకొక్కసారైనా దగ్గర్లోని బడికి వెళ్లండి. మీ పని ఏమిటో తెలుగులో చెప్పండి, పిల్లల్ని అడగనివ్వండి.