తెరవెనుక చేయి

తోలుబొమ్మలాట ఎరిగిన తెలుగు పాఠకునికి జిమ్ హెన్సన్ కళ పూర్తిగా పరాయిదిగా తోచదు. 1936లో అమెరికాలో జన్మించి 1990లో మరణించిన ఈ కళాకారుడు తన జీవితంలో అధికభాగాన్ని టెలివిజన్‌కే అర్పించాడు. 1955లో వాషింగ్టన్ నగరంలో, ‘సామ్ అండ్ ఫ్రెండ్స్’ అనే అయిదు నిమిషాల కార్యక్రమంతో ఆయన కృషి ఆరంభమయింది. తల్లి విడిచిన పాతకోటు గుడ్డ, రెండుగా కోసిన పింగ్‌పాంగ్ బంతి—వీటితో నాడు చేసిన కెర్మిట్ అనే బొమ్మయే అనంతరం లోకమెరిగిన కప్ప అయింది.

హెన్సన్ ప్రతిభ బొమ్మ సౌందర్యంలో కంటె తెర స్వభావాన్ని గ్రహించడంలో ఉన్నది. అంతకుముందు టెలివిజన్ బొమ్మలాటలకు సాధారణంగా చిన్న రంగస్థలం కట్టి, దాని ఎదుట కెమెరాను నిలిపేవారు. ఆయన ఆ రంగస్థలాన్ని తొలగించాడు; తెర అంచులే రంగస్థలపు అంచులయినాయి. చేతిని తలపైకెత్తి బొమ్మనాడించే కళాకారుడు, ప్రేక్షకుడు చూసే దృశ్యాన్నే తానూ ఒక చిన్న తెరపై చూస్తూ తన ఆటను దిద్దుకొంటాడు. కొయ్య ముఖానికి బదులు మెత్తని ముఖం అమర్చడంవల్ల, వ్రేళ్ల స్వల్పమైన కదలికతోనే అలకా, సిగ్గూ, సందేహమూ వ్యక్తమవుతాయి. దీపపు వెలుగులో తెల్లని తెరపై నీడను నడిపించే మన ఆటగాని నేర్పుకు ఇది దూరపు చుట్టమే.

అయితే ఒక్కని నేర్పు కళను చిరకాలం నిలుపజాలదు. 1968లో జోన్ గాంజ్ కూనీ, లాయిడ్ మోరిసెట్ స్థాపించిన చిల్డ్రన్స్ టెలివిజన్ వర్క్‌షాప్ విద్యావేత్తలనూ రచయితలనూ ఒకచోట చేర్చింది. 1969లో ఆరంభమయిన ‘సెసమీ స్ట్రీట్’లో హెన్సన్ బొమ్మలు వారి ఆలోచనలకు ప్రాణం పోశాయి. అందులో దుకాణదారు హూపర్ పాత్ర ధరించిన నటుడు మరణించగా, 1983లో ఆ సంగతిని దాచక, బిగ్ బర్డ్ అనే అమాయకపు పక్షికి పెద్దలు తెలియజెప్పారు. కారల్ స్పిన్నీ ఆడించిన ఆ పక్షి ప్రశ్నలు పసివారి ప్రశ్నలే. బాలుని బుద్ధిని చులకన చేయనిదే ఉత్తమ బాలకళ.

‘పిల్లల వినోదకుడు’ అన్న ముద్ర హెన్సన్‌కు రుచించలేదు; పెద్దలనూ ఆకర్షించే ‘మప్పెట్ షో’ను 1976 నుండి 1981 వరకు నడిపాడు. రామాయణం మధ్యలో కేతిగాడినీ బంగారక్కనూ ప్రవేశపెట్టిన మన ఆటగాళ్లు ఆ గిరి ఎన్నడూ గీయలేదు.

2006లో హిందీలో ఆరంభమయిన ‘గలీ గలీ సిమ్ సిమ్’, చమ్కీ అనే బడిపిల్ల బొమ్మతో ఆ సంప్రదాయాన్ని మన దేశానికి తెచ్చింది. నిమ్మలకుంట కళాకారుడు దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ లభించింది. చేతికి గౌరవం దక్కిన మాట నిజమే. ఆ చేతికి తోడుగా ఆలోచించే సంస్థ కూడ కావలె. ఆటగాళ్లు ఊరూరా తిరిగిన కాలంలో కథ వారి వెంటనే పిల్లలను చేరేది. మరమగ్గాల పనికై సూరతుకు తరలిన తెలుగువారి బిడ్డకు, బమ్రోలి వంటి పేటలో, ఆ తెర ఎవరు కట్టగలరు? టెలివిజన్ తెర మాత్రం ఆ ఇంటికి చేరగలదు. దానివెనుక తెలుగు ఎరిగిన చేయి ఉండాలన్నదే హెన్సన్ జీవితం మనకు నేర్పవలసిన పాఠం.