వేమూరి గగ్గయ్య: వాచికాభినయ విమర్శము

తెలుఁగు రంగస్థలమునుండి చలనచిత్రమునకు వచ్చిన తొలితరము నటులలో వేమూరి గగ్గయ్య యొకఁడు. ఈతఁడు 1895లో నాఁటి కృష్ణా మండలమునందలి వేమూరున జన్మించి 1955లో దివంగతుఁడయ్యెను. యముఁడనఁగానే గగ్గయ్య యని ప్రేక్షకులు తలఁచిన కాలమొకటి గడచినది. నేఁడు హైదరాబాదునకు ఉత్తరముననున్న మేడ్చల్, శామీర్‌పేట పాఠశాలలందు సావిత్రి కథను విను బాలురకు ఈ పేరు తెలియకపోవుట వింత కాదు. తెలిసినవారు సైతము "గొప్ప గొంతు" అని రెండు మాటలతో ముగింతురు. ఇది ప్రశంసవలెఁ గానవచ్చు నిరాకరణము. కంఠము దైవదత్తము, వాచికము సాధనలభ్యము. గగ్గయ్యకు రెండవది యెంతవఱకు చెల్లునన్నదియే విచార్యము.

పాణినీయశిక్ష పాఠకాధములను ఆర్గురిని చెప్పినది. పాడుచు చదువువాఁడు, వడిగా చదువువాఁడు, తల యూఁపుచు చదువువాఁడు, వ్రాఁత చూచి చదువువాఁడు, అర్థ మెఱుఁగనివాఁడు, అల్పకంఠుఁడు. ఈ పట్టికను బట్టి విచారించినచో పద్యనాటక నటుఁడు చిక్కున పడును. గగ్గయ్య అల్పకంఠుఁడు కాఁడని విరోధులును ఒప్పుకొందురు. కాని పట్టికలో మొదటి దోషము గానము! రాగము తీసి పద్యము చదువు నటులనందఱను ఆక్షేపించువారికి ఇంతకంటె బలమైన ప్రమాణము దొరకదు.

అయితే శిక్ష చెప్పినది వేదపాఠమును గూర్చి. నాట్యపాఠ్యమునకు శాసనకర్త భరతుఁడు. ఆయన వాక్కును నాట్యమునకు శరీరమనెను. పాఠ్యమునకు స్వరములను, స్థానములను, కాకువును విధించి, ఆఱు అంగములను గూడ చెప్పెను. అందు మూఁడు ఇచటికి ముఖ్యములు. విరామముచే నేర్పడునది విచ్ఛేదము. రంగమును నిండించునట్లు పఠించుట అర్పణము. తారస్థాయికెక్కిన స్వరమును వైస్వర్యము లేకుండ దింపుట ప్రశమనము. ధ్వనివర్ధకములు లేని పందిళ్లలో కడపటి వరుసవానికి పద్యము వినిపింపవలసియుండుటచే తెలుఁగు నటులు అర్పణమునే పెంచిరి. రాగదీర్ఘమునకు సంగీతాభిమానమొక్కటియే కారణమనుట సరి కాదు. దూరము గూడ కారణమే.

విచ్ఛేదము కడనే అసలు పరీక్ష. తెలుఁగు వృత్తమున పాదాంతము పదాంతము కానక్కఱలేదు. సమాసము పాదమును దాఁటిపోవును. రాగము కొఱకు పాదాంతమున నిలుచు నటుఁడు సమాసమును నఱకును, అన్వయమును చెఱచును. అర్థము ముగిసినచోట నిలిచి ఆలాపన చేయువాఁడు నిర్దోషి. కాఁబట్టి దోషము రాగమునందు లేదు, రాగము పడిన చోటునందున్నది. బళ్లారి రాఘవాచార్యులు రాగదీర్ఘమును ఖండించి సహజోక్తిని సమర్థించుట మేలే చేసినది గాని, ఆ ఖండనమును విన్న కొందఱు ఈ భేదమును గుర్తింపక పద్యమునే తోసివేసిరి.

సి. పుల్లయ్య దర్శకత్వమున 1933లో వెలువడిన సతీసావిత్రి యందు గగ్గయ్య యముఁడు. భారతమున ఎఱ్ఱన భాగమునందలి యముఁడు కేవలము భీషణుఁడు కాఁడు. ధర్మజ్ఞుఁడు, సావిత్రి పలుకులకు సంతసించి వరము వెంబడి వరమిచ్చువాఁడు. ఈ పాత్రకు ఆరంభమున అర్పణ మెంత కావలెనో, తరువాత ప్రశమన మంత కావలెను. లోకము మాత్రము మొదటి దానినే పట్టుకొన్నది. నిర్మాతలును అంతే. 1935లో శ్రీకృష్ణలీలలలో కంసుఁడు, 1940లో మైరావణుఁడు, 1941లో దక్షుఁడు, 1942లో హిరణ్యకశిపుఁడు. వరుస చూచినచో ధీరోద్ధతుల జాబితావలె నున్నది! వరమిచ్చిన యముఁడు మఱుఁగున పడెను. ఒక నటుని కీర్తియే ఆతనికి చెఱసాల యైన విధ మిది. ఇందు గగ్గయ్య పాలు లేదనుట పక్షపాతము; వచ్చిన పాత్రలను ఆతఁడు కాదనలేదు. కాని హిరణ్యకశిపునకు పుత్రస్నేహమును, దక్షునకు కూఁతునిపై మమకారమును కలవు. అవి పలుకువాని స్వరమును దింపక తీరవు. ఆ పాత్రలను కేవలము గర్జనలుగా తలఁచుట వినువారి లోపము.

1940లోనే వచ్చిన చండిక యందు కన్నాంబతోఁ బాటు రాఘవాచార్యులును, గగ్గయ్యయు నటించిరి. రెండు మార్గములవా రొక్క చిత్రమున నిలిచిన యీ సందర్భమును విమర్శకులు తగినంతగా పట్టించుకొనలేదు. చిత్రగ్రహణ సమయముననే నటుఁడు స్వయముగా పాడిన కాలమున పెరిగిన గగ్గయ్యకు, ధ్వనిగ్రాహకము దూరమును తొలఁగించినను కంఠము తగ్గించుట సులభము కాదు. రాఘవాచార్యులకు ఆ యంత్రమే అనుకూలము.

తొలి టాకీలలో పెక్కింటి ప్రతులు నశించెను. గగ్గయ్య కీర్తి గ్రామఫోను పలకలవలనను వ్యాపించినది గాని, ఆనాఁటి పలక యొక్క ఒక ముఖమున పట్టునది సుమారు మూఁడు నిమిషముల గానము. అందు పద్యము నిలుచును, రాగము నిలుచును. భయపెట్టిన యముఁడు కరుణించు వఱకు జరుగు స్వరావరోహణము నిలువదు. పలకను మాత్రమే విని గగ్గయ్యను నిర్ణయించువారు ఆతని అర్పణమును విన్నవారే గాని ప్రశమనమును విన్నవారు కారు.