ఇరవై మన్సబు, వెయ్యి బిఘాలు: బదాయూనీ చరిత్రలో విద్వాంసుడు, పాదుషా

మొగలు చక్రవర్తి అక్బరు పాలనను గ్రంథస్థం చేసిన చరిత్రకారుల్లో అబుల్ ఫజల్, అబ్దుల్ ఖాదిర్ బదాయూనీ పేర్లు తరచు జంటగా వినబడతాయి. 'అక్బర్‌నామా' స్తుతికీ, 'ముంతఖబ్-ఉత్-తవారీఖ్' నిందకూ ప్రతీకలుగా నిలిచిపోయాయి. మొదటిది ఉదారవాదమనీ రెండవది ఛాందసమనీ చెప్పి ముగించడం పాఠ్యపుస్తకాలకు అలవాటైంది. ఈ విభజనలో కొంత నిజం లేకపోలేదు. అయితే బదాయూనీ గ్రంథంలో అతి బలమైన ఘట్టాలు మతచర్చకు సంబంధించినవి కావు. అవి కొలువుకు, భూమికి, సెలవుకు, అప్పగించిన పనికి సంబంధించినవి. పాదుషా పెట్టే తిండి తింటూ పాదుషాతో విభేదించే పండితుడు ఏ భాషలో మాట్లాడగలడన్నది ఆ గ్రంథాన్ని నడిపించే ప్రశ్న. మతం ఆ ప్రశ్నకు బదాయూనీ చెప్పుకున్న జవాబు మాత్రమే.

ఇద్దరూ ఒకే చోట చదువుకున్నవారు. అబుల్ ఫజల్ తండ్రి షేక్ ముబారక్ నాగోరీ బదాయూనీకి గురువు. ఇద్దరూ ఒకే ఏడు, 1574లో, అక్బరు ఆస్థానంలో అడుగుపెట్టారు. అప్పటికి బదాయూనీకి ముప్పై నాలుగేళ్లు, అబుల్ ఫజల్‌కు ఇరవై మూడు. ఇద్దరికీ మొదట దక్కింది ఇరవై మన్సబే. గుర్రాలను తెచ్చి, వాటికి సర్కారు ముద్ర వేయించి, సైనికోద్యోగిగా లెక్కకు నిలవాలన్నది ఆ పదవి షరతు. అబుల్ ఫజల్ ఆ షరతుకు లోబడ్డాడు, మెట్టుమెట్టుగా పైకి పోయాడు. బదాయూనీ లోబడలేకపోయాడు. కొంతకాలానికి అతనికి వెయ్యి బిఘాల 'మదదె మాష్' భూమి దక్కింది. విద్వాంసులకు, ఫకీరులకు జీవనాధారంగా పన్ను లేకుండా ఇచ్చే భూమి అది. తెలుగునాట మాన్యం, ఇనాము అనే మాటలతో గుర్తించే ఏర్పాటుకు దగ్గరిది. ఆ ఆదాయంతో స్వేచ్ఛగా బతకవచ్చని బదాయూనీ ఆశపడ్డాడు. భూమి దక్కింది గానీ స్వేచ్ఛ దక్కలేదు. ఆస్థానంలో హాజరు తప్పలేదు. తన అమాయకత్వాన్ని, సహాధ్యాయి గడుసుతనాన్ని పక్కపక్కన పెట్టి అతడు రాసుకున్న ఈ ఘట్టంలో పశ్చాత్తాపం ఎంత ఉందో అసూయ అంత ఉంది. దాన్ని దాచుకోకపోవడమే ఆ రచన విలువ.

ఉలేమా వర్గం స్థితి ఆ దశాబ్దంలో వేగంగా మారింది. అంతకు ముందు సామ్రాజ్యంలో భూదానాలపై పెత్తనం సద్రు పదవిలో ఉన్న షేక్ అబ్దున్ నబీది. స్వయంగా అక్బరే ఆయన పాదాల ముందు చెప్పులు పెట్టిన సందర్భాలున్నాయని బదాయూనీ రాశాడు. అదే కలంతో, కొలువుకూటంలో ఆ పెద్దమనిషి ఉజూ చేస్తుంటే ఆ నీటి తుంపరలు చుట్టూ ఉన్న అమీర్ల మీద పడేవనీ, భూమికోసం వచ్చిన విద్వాంసులు ఆయన కింది ఉద్యోగులకు లంచాలిచ్చుకుంటూ పడిగాపులు పడేవారనీ రాశాడు. మరో పెద్ద మఖ్దూముల్ ముల్క్ అబ్దుల్లా సుల్తాన్‌పురీ జకాతు ఎగవేసేందుకు ఏడాది తిరిగేలోగా ఆస్తిని భార్య పేరున మార్చి, మళ్లీ తన పేరున తెచ్చుకునేవాడట. ధర్మశాస్త్రాన్ని ధర్మశాస్త్రంతోనే తప్పించుకోవడమన్న మాట. ఛాందసుడని ముద్రపడిన రచయిత ఛాందస నాయకత్వాన్ని ఇంత నిర్దాక్షిణ్యంగా చిత్రించాడన్న సంగతిని స్తుతి-నింద విభజన మరుగున పడేసింది.

1575లో ఫతేపూర్ సిక్రీలో కట్టించిన ఇబాదత్ ఖానాలో ఈ ఇద్దరు పెద్దలూ పాదుషా ఎదుటే ఒకరినొకరు దూషించుకున్నారు. 1579లో వెలువడిన మహజరు ఆ కలహాల పర్యవసానం. శాస్త్రవేత్తల మధ్య అభిప్రాయభేదం వచ్చినప్పుడు ప్రజాక్షేమం దృష్ట్యా ఏదో ఒక అభిప్రాయాన్ని ఎంచుకునే అధికారం పాదుషాకు ఉంటుందని దాని సారాంశం. దాన్ని రూపొందించినవాడు షేక్ ముబారక్. ఒకప్పుడు ఈ పెద్దల వేధింపులకు తలదాచుకోవలసి వచ్చినవాడు. మిగిలినవారు ఇష్టం లేకుండా సంతకం చేశారనీ, ముబారక్ మాత్రం చిరకాల కోరిక తీరినట్లు చేశాడనీ బదాయూనీ కథనం. మహజరు పూర్తి పాఠాన్ని తన గ్రంథంలో ఎత్తి రాసి భద్రపరచిందీ అతడే. తాను ద్వేషించిన పత్రాన్ని అక్షరం పోకుండా నిలబెట్టడం ఈ రచయితకు స్వభావసిద్ధమైన లక్షణం. ఇదే లక్షణం అతని అనువాద కృషిలో మరింత విచిత్రంగా కనబడుతుంది.

1582లో అక్బరు మహాభారతాన్ని పారసీలోకి తేవాలని ఆజ్ఞాపించాడు. మొదటి రాత్రులు పాదుషా స్వయంగా నకీబ్ ఖానుకు అర్థం వివరించాడు. మూడో రాత్రి బదాయూనీకి పిలుపు వచ్చింది. ముల్లా షీరీ, సుల్తాన్ హాజీ థానేసరీ కూడా ఈ పనిలో పాలుపంచుకున్నారు. బ్రాహ్మణ పండితులు సంస్కృతాన్ని దేశభాషలో విప్పి చెబితే వీరు పారసీలో రాసేవారు. 'రజ్మ్‌నామా', అంటే యుద్ధగ్రంథం, అన్నది దాని పేరు. 1584 నాటి పుష్పికలో నకీబ్ ఖాను తనకు తోడ్పడిన పండితుల పేర్లు చెబుతాడు. వాటిలో శతావధాన అన్న పేరొకటి ఉంది. తెలుగు పాఠకుడి చెవి అక్కడ నిలబడక మానదు. అయితే ఆ పేరు నుంచి దేశాన్నో భాషనో ఊహించడం పరిశోధన అనిపించుకోదు.

బదాయూనీకి ఈ పని తలరాత. పద్దెనిమిది పర్వాలలో రెండింటి పని తన చేతుల మీదుగా నడిచిందని చెబుతూనే, ఇలాంటి గ్రంథాలతో కాలం గడపవలసి వచ్చినందుకు వాపోతాడు. దానికి ఎదురుగా, 1587లో అబుల్ ఫజల్ రాసిన పీఠిక ఈ అనువాదాన్ని ఒక రాజనీతి కార్యంగా నిలబెట్టింది. రెండు సమాజాలూ ఒకరి గ్రంథాలను మరొకరు తెలుసుకోవాలనీ, ప్రపంచం వయసు ఏడు వేల ఏళ్లేనని నమ్మే సామాన్య ముస్లిములు కాలం ఎంత పురాతనమో గ్రహించాలనీ అందులో ఉంది. ఒకే గ్రంథం ఒకరికి విధానం, మరొకరికి వెట్టి.

ఈ రెండింటి మధ్య ఘర్షణ 1595 నాటి ఒక సంఘటనలో పైకి తేలింది. రజ్మ్‌నామాలో ఒకచోట, చేసిన ప్రతి పనికీ ఫలం ఉంటుందన్న భావంతో ఒక పారసీ పద్యపాదం పడింది. దానిని విన్న అక్బరు, సమాధిలో దేవదూతల విచారణను, తీర్పు దినాన్ని అనువాదకుడు మహాభారతంలోకి చొప్పించాడని అనుమానించాడు. పునర్జన్మను చెప్పే గ్రంథంలో ఇదెక్కడిదని ప్రశ్న. సూఫీ స్వభావం గలవాడనుకున్న వ్యక్తి చివరికి ఏ కత్తికీ తెగని మతమౌఢ్యం గల ఫకీహుగా తేలాడని అబుల్ ఫజల్‌తో అన్నాడు. బదాయూనీ ముందుకు వచ్చి తాను అనువాదకుణ్ణి మాత్రమేననీ, హిందూ పండితులు చెప్పినదాన్ని మార్చకుండా రాశాననీ విన్నవించుకున్నాడు. అంతటితో ఆగలేదు. హిందువుల విశ్వాసంలోనూ మరణానంతరం పాపపుణ్యాల లెక్క రాసే లేఖకుడున్నాడనీ, జీవుణ్ణి ధర్మానికి రాజైనవాడి ముందు నిలబెడతారనీ, స్వర్గనరకాలు అనుభవించాకే మరో జన్మ అనీ వివరించి గండం గట్టెక్కాడు.

ఈ ఘట్టం సాహిత్య విమర్శకు దొరికిన అరుదైన సన్నివేశం. మహాభారతాన్ని పిచ్చిమాటల కుప్ప అని రాసుకున్న ముల్లా, తన తల కాపాడుకోవడానికి చిత్రగుప్తుడి చిట్టానూ సమవర్తి సభనూ సాక్ష్యంగా తెచ్చుకున్నాడు. పైగా అతని వివరణ సరైనదే. కర్మఫలాన్ని గురించి పాదుషాకున్న అవగాహన సరళమైనది, ద్వేషించే అనువాదకుడి అవగాహన లోతైనది. ప్రేమతో చేసిన అనువాదమే మూలానికి దగ్గరవుతుందన్న అభిప్రాయం అనువాద చర్చల్లో తరచు వినబడుతుంది. దానికి ఇంతకంటె గట్టి ఎదురుసాక్ష్యం దొరకడం కష్టం. అయితే బదాయూనీ పూర్తిగా నిర్దోషి అనలేము. ఆ పద్యపాదం పారసీ కవితా సంప్రదాయంలోనిది, మూలంలోనిది కాదు. పండితులు చెప్పింది చెప్పినట్లు రాశానన్న వాదన అక్కడ కొంచెం బీటలువారుతుంది.

నన్నయను రాజరాజనరేంద్రుడు భారతం తెనిగించమని కోరిన సందర్భంతో దీన్ని పోల్చాలనిపించడం సహజం. కానీ అక్కడ కవీ ప్రభువూ ఒకే శ్రద్ధను పంచుకున్నవారు, ఆ పోలిక ఎక్కువ దూరం నడవదు. కాలంలోనూ పరిస్థితిలోనూ దగ్గరిది గోల్కొండ. ఇబ్రహీం కుతుబ్ షా పాలన 1550 నుంచి 1580 వరకు. ఆయనకు అద్దంకి గంగాధరకవి 'తపతీసంవరణోపాఖ్యానము'ను, ఆయన అధికారి అమీన్ ఖానుకు పొన్నిగంటి తెలగన 'యయాతి చరిత్రము'ను అంకితమిచ్చారు. రెండు కథలూ ఆదిపర్వంలోనివే. అక్కడ కవిదీ కృతిభర్తదీ వేరువేరు మతాలు. అయినా కృతిస్వీకారమన్న మర్యాద ఇద్దరికీ చెరొక పీఠం వేసింది. ప్రభువు కీర్తి, కవి పేరు రెండూ అవతారికలోనే బహిరంగంగా కుదిరిపోయాయి. ఫతేపూర్ సిక్రీ అనువాదకుడికి అలాంటి పీఠం లేదు. అప్పగించిన వాటా పని, అందుకు ఎదురుచూపులు, మధ్యలో చీవాట్లు. నాలుగేళ్లు శ్రమించి 1589 ప్రాంతంలో రామాయణ అనువాదం ముగించినప్పుడు అక్బరు పీఠిక రాయమన్నాడు. ప్రవక్త స్తుతి లేని పీఠిక రాయడం ఇష్టంలేక బదాయూనీ దాన్ని దాటవేశాడు. తెలుగు కవికి అవతారిక గౌరవస్థానం, ఇతనికి ఉరి.

మరి అతని అసలు అవతారిక ఎక్కడ? 'ముంతఖబ్' మొత్తం అదే అనవచ్చు. నిజాముద్దీన్ అహ్మద్ 'తబఖాతె అక్బరీ'ని ఆధారం చేసుకుని, ఎవరికీ చూపకుండా రాసి 1595-96లో ముగించిన ఈ గ్రంథం జహాంగీరు కాలంలో గాని బయటపడలేదు. రహస్యంగా రాసినందువల్ల ఇందులో ప్రభువును సంబోధించే గొంతు లేదు. వాక్యం మధ్యలో ఆగి తనను తాను మందలించుకోవడం, ఒక మరణవార్త వెంటనే కాలసూచక పద్యం ఎత్తుకోవడం, చాడీలను వార్తలతో కలిపేయడం దీని రీతి. అక్బరు మత విధానాలపై ఇందులోని ఆరోపణలన్నింటినీ చరిత్రగా స్వీకరించడం ప్రమాదమే. చాలాచోట్ల ఆస్థానంలో చెలామణి అయిన పుకారుకూ జరిగిన పనికీ తేడా చూపడు. కారణాలు వెతకడంలో అబుల్ ఫజల్ ముందు ఇతడు నిలవడు. మనుషులను పట్టుకోవడంలో మాత్రం అబుల్ ఫజల్ ఇతని ముందు నిలవడు.

షేకులు, విద్వాంసులు, వైద్యులు, కవుల జీవితాలు చెప్పే మూడో సంపుటంలో ఈ శక్తి బాగా కనబడుతుంది. కవిరాజు ఫైజీ, అబుల్ ఫజల్ అన్న, 1595లో మరణించాడు. అతని చావును బదాయూనీ వర్ణించిన తీరు నేటికీ చదువరికి జుగుప్స కలిగిస్తుంది. అయితే దాని పక్కనే ఒక ఉత్తరం ఉంది. సెలవు గడువు దాటి ఊళ్లో ఉండిపోయి బదాయూనీ పాదుషా ఆగ్రహానికి గురైన రోజుల్లో, దక్కనులో రాయబారిగా ఉన్న ఫైజీ అతని తరఫున అక్బరుకు రాసిన సిఫార్సు లేఖ అది. పాండిత్యంతో పాటు సంగీతం, చదరంగంలో అతని ప్రవేశాన్ని కూడా పేర్కొని, ఆశలేని మనిషి అని మెచ్చుకున్నాడు ఫైజీ. ఇంత మేలు చేసినవాణ్ణి ఇలా తూలనాడటం ఏమి న్యాయమని బదాయూనీ తననే అడుగుతాడు. ధర్మం పట్ల బాధ్యత అన్ని రుణాలకన్నా పెద్దదని జవాబిచ్చుకుంటాడు. ఆ జవాబు అతనికే చాలినట్లు లేదు. ఉత్తరాన్ని మాత్రం మాట మార్చకుండా, మొదటి నుంచి చివరి దాకా ఎత్తి రాశాడు.